గట్ల తగాదాకి ఏడాదికో రోజు: లాక్స్‌టన్ కథ

ఎకరం అంటే ఎన్ని చదరపు గజాలు? రియల్ ఎస్టేట్ ప్రకటనల పుణ్యమా అని మనలో చాలామందికి నోటికి వచ్చు, 4,840. కానీ ఈ వంకర అంకె ఎక్కడి నుంచి వచ్చిందని ఎవరం అడగం. 220 గజాల పొడవుని 22 గజాల వెడల్పుతో గుణించి చూడండి. 22 గజాలంటే సివిల్ వాళ్ళకి సర్వేలో గంటర్ గొలుసు, మిగతా బ్రాంచిల వాళ్ళకి క్రికెట్ పిచ్. 220 గజాలంటే ఒక ఫర్లాంగు. ఇంగ్లీషులో ఆ మాటకి అసలు అర్థం 'చాలు పొడవు'. ఎద్దుల నాగలిని మాటిమాటికీ తిప్పడం కష్టం కాబట్టి ఇంగ్లండులో పొలాన్ని సన్నగా, పొడుగ్గా చెక్కలు చేసి దున్నేవారు. ఒక రోజులో దున్నగలిగినంత నేల సుమారుగా ఒక ఎకరం.

ఆ వ్యవసాయం ఇంగ్లండులో దాదాపుగా మాయమైపోయింది. ఇప్పటికీ అది బతికున్న ఊరు ఒకటుంది. నాటింగ్‌హామ్‌షైర్‌లోని లాక్స్‌టన్. నేను ఆ ఊరు చూడలేదు, చదివిందీ మ్యాపుల్లో చూసిందీ మాత్రమే. అయినా మీకు చెప్పాలనిపించింది.

చూడ్డానికి మామూలు పల్లెటూరే. ఒక చర్చి, ఒక పబ్బు, ఊరి చివర నార్మన్ల కాలపు కోట తాలూకు మట్టిదిబ్బ. ఒక్కటే తేడా. రైతుల ఇళ్ళన్నీ పొలాల మధ్య విడివిడిగా కాకుండా ఊరి వీధి వెంబడే ఉంటాయి. ఒక్కొక్కరి పొలం ఒకే చోట లేకపోతే ఇల్లు ఎక్కడని కట్టుకుంటారు?

ఊరికి మూడు పెద్ద పొలాలు: పడమటి పొలం, మిల్లు పొలం, దక్షిణ పొలం. మధ్యలో కంచెల్లేవు. ఒక్కో రైతుకి మూడింట్లోనూ అక్కడక్కడా చెక్కలుంటాయి. మెరకలో ఒకటి, పల్లంలో ఒకటి. మంచి నేల, చెడ్డ నేల అందరికీ కలిసొచ్చే పద్ధతి. ఒక పొలంలో చలికాలపు గోధుమ, రెండోదాంట్లో వసంతంలో వేసే పంట, మూడోది పూర్వం బీడు, ఇప్పుడు పశువుల మేత. ఏటా ఈ వరస ఒక పొలం ముందుకి జరుగుతుంది. ఎవరిష్టం వచ్చిన పంట వాళ్ళు వేసుకుంటామంటే కుదరదు.

1635లో మార్క్ పియర్స్ అనే సర్వేయరు ఈ ఊరంతా కొలిచి, చెక్క చెక్కనీ మ్యాపులో గీశాడు. పొలం దున్నేవాళ్ళనీ, కోత కోసేవాళ్ళనీ, వేటగాళ్ళనీ కూడా అందులో బొమ్మలుగా వేశాడు. ఆ మ్యాపు ఇప్పుడు ఆక్స్‌ఫర్డ్‌లోని బోడ్లియన్ లైబ్రరీలో ఉంది. మన డ్రాయింగ్ షీట్లలో నాగలి బొమ్మ వేస్తే మార్కులు కోసేస్తారనుకోండి, అది వేరే సంగతి.

మరి పక్కవాడి చెక్కలోకి రెండు చాళ్ళు ఎక్కువ దున్నేస్తే? మన ఊళ్ళలో గట్టు తగాదాలు ఎక్కడిదాకా వెళ్తాయో చెప్పక్కర్లేదు. లాక్స్‌టన్‌లో దీనికి ఒక కోర్టుంది, పేరు కోర్ట్ లీట్. నవంబరు చివర్లో జ్యూరీగా ఎంపికైన రైతులు కొత్తగా గోధుమ విత్తిన పొలమంతా తిరిగి చూస్తారు. హద్దుల్లో కర్రలు పాతుతారు. దారినో, అందరి గడ్డినేలనో ఎవరైనా కలిపేసుకుని దున్నారేమో చూస్తారు. వారం తర్వాత డవ్‌కోట్ ఇన్ అనే ఆ పబ్బులోనే కోర్టు కూర్చుంటుంది. తప్పు చేసినవాళ్ళకి జరిమానా పడుతుంది. డబ్బు పెద్దదేం కాదు. కానీ ఊరందరి ముందూ పేరు చదువుతారు, అసలు దెబ్బ అదీ. ఇలాంటి కోర్టులు ఇంగ్లండులో పేరుకి కొన్ని మిగిలాయి గానీ, ఇది మాత్రం వేడుక కోసం చేసేది కాదు, నిజంగా పొలాల్ని నడిపేది.

1968లో గారెట్ హార్డిన్ 'ఉమ్మడి భూమి విషాదం' గురించి ఒక వ్యాసం రాశాడు. అందరిదీ అయిన పచ్చికలో ప్రతివాడూ ఇంకో పశువుని తోలతాడు, చివరికి పచ్చికే మిగలదు అని. వినడానికి న్యాయంగానే ఉంటుంది. నాకు మాత్రం అందులో మనుషులు ఒకరితో ఒకరు మాట్లాడుకోనట్టు అనిపిస్తుంది. అలా మాట్లాడుకుని, నియమాలు పెట్టుకుని, కాపలా కాసుకునే ఊళ్ళు నిలబడతాయని ఎలినార్ ఆస్ట్రమ్ ఎన్నో దేశాల ఉదాహరణలతో చూపించింది. ఆ పనికే 2009లో ఆర్థికశాస్త్రంలో నోబెల్ వచ్చింది. లాక్స్‌టన్ రైతులు మంచివాళ్ళు కాబట్టి నిలబడ్డారని నేననను. ఏటా కొలుస్తారు కాబట్టి నిలబడ్డారు.

అలాగని అదేదో సమానత్వపు స్వర్గం అనుకోవద్దు. రైతుల్లో ఎక్కువమంది కౌలుదార్లే, భూమి దొరలది. 1604 నుంచి 1914 దాకా పార్లమెంటు 5,200కి పైగా చట్టాలు చేసి ఇంగ్లండులో ఐదో వంతు నేలకి కంచెలు వేయించింది. ఉమ్మడి నేల మీద ఒక ఆవునో నాలుగు గొర్రెలనో మేపుకుని బతికే పేదలకి ఆ ఆధారం పోయింది. లాక్స్‌టన్ తప్పించుకోడానికి ఒక కారణం, ఇద్దరు పెద్ద భూస్వాములు పంపకం దగ్గర ఒప్పందానికి రాలేకపోవడం అంటారు. దొరల తగాదా ఊరికి కలిసొచ్చిందన్నమాట.

1952లో థోర్స్‌బీ ఎస్టేట్ యజమాని అయిన ఎర్ల్ మాన్వర్స్ ఊరిని ప్రభుత్వ వ్యవసాయ శాఖకి అమ్మేశాడు. 1981లో అది క్రౌన్ ఎస్టేట్ చేతికెళ్ళింది, 2020లో మళ్ళీ పాత థోర్స్‌బీ ఎస్టేట్‌కే వచ్చింది. యజమానులు మారినా పద్ధతి ఉంది. తగ్గుతున్నది రైతులు. చెల్లాచెదురుగా ఉన్న సన్నని చెక్కల్లో పెద్ద యంత్రాలతో సేద్యం గిట్టుబాటు కావడం కష్టం, పిల్లలు వేరే ఉద్యోగాలకి పోతారు. చెక్కలు దున్నేవాళ్ళే హద్దులు చూసే జ్యూరీ కూడా కాబట్టి, రైతు తగ్గితే కోర్టులో కుర్చీ కూడా ఖాళీ అవుతుంది. ప్రస్తుతానికి మాత్రం పబ్బులో కోర్టు ముగిసేలోగా వచ్చే ఏడాది పొలానికి కొత్త జ్యూరీ చేత ప్రమాణం చేయిస్తున్నారు.