మీకు తెలుసా? బీన్స్, బేకన్... వాటిపైన పియర్ పండు!

ఉత్తర జర్మనీలో బీన్స్, బేకన్ ఉడికే గిన్నెలోనే పియర్ పండ్లు కూడా వేస్తారు, అదీ తొక్క తీయకుండా, తొడిమలతో సహా! హాంబర్గ్, ష్లెస్విగ్-హోల్‌స్టైన్ ప్రాంతాల్లో ఇది పాతకాలపు ఇంటి వంట. బీన్స్ కాపు మీద ఉండగానే ఈ పియర్లూ పక్వానికొస్తాయి కాబట్టి ఆగస్టు, సెప్టెంబరు నెలలే దీనికి అదను. అలాగని మనం కోసుకు తినే మెత్తటి పియర్ వేస్తే చెదిరి ముద్దయిపోతుంది. వంటకే పనికొచ్చే చిన్న, గట్టి రకం కావాలి. పచ్చిగా కొరికితే అందులో రుచేమీ ఉండదు లెండి. ముందు పొగబెట్టిన బేకన్ ముక్కను ఉడికించి, ఆ నీళ్లలోనే బీన్స్, సువాసనకు సేవరీ ఆకు, పైన పియర్లు పేర్చి మూత పెడతారు. ఉప్పు సంగతి చివర్లోనే చూసుకోవాలి, బేకన్‌లో అప్పటికే బోలెడుంటుంది.