కేసు గెలిచిన వ్యక్తి దగ్గర ప్లాట్ కొన్నారా? పైకోర్టులో అప్పీల్ పడితే మీ రిజిస్ట్రేషన్ సంగతేంటి..

కింది కోర్టులో గెలిచాడు. చేతిలో డిక్రీ ఉంది. ఈసీ తీస్తే క్లీన్‌గా ఉంది. ఇంకేం భయం అనుకుని 200 గజాల ప్లాట్ కొనేశారు. రిజిస్ట్రేషన్ కూడా అయిపోయింది. కొన్ని నెలలకు తెలిసింది.. ఓడిపోయినాయన అప్పీల్‌కు వెళ్లాడని. మరి ఆ ప్లాట్ ఎవరిది?

ముందు ఒక అపోహ తీసేద్దాం. ఆస్తి చేతులు మారినంత మాత్రాన అప్పీల్ ఆగదు, కొట్టుడుపోదు. అమ్మేసిన వ్యక్తి పేరు మీదే కేసు కొనసాగవచ్చు. తీర్పు మాత్రం కొన్నవారికీ వర్తిస్తుంది.

దీనికి మూలం 1882 నాటి ఆస్తి బదిలీ చట్టంలోని సెక్షన్ 52. లాయర్లు దీన్నే 'లిస్ పెండెన్స్' అంటారు. చాలామంది పొరబడేది ఇక్కడే. ఈ సెక్షన్ వల్ల సేల్ డీడ్ దానంతట అదే రద్దు కాదు, కానీ తీర్పుకు కట్టుబడి ఉంటుంది. అమ్మినాయన అప్పీల్‌లోనూ గెలిస్తే ఇబ్బంది లేదు. ఓడితే? ఆయనకే లేని హక్కు కొన్నవారికి ఎక్కడి నుంచి వస్తుంది!

'కేసు ఉన్నట్టు తెలియదు, పూర్తి డబ్బు కట్టి కొన్నాం' అంటే కుదరదు. తెలిసి కొన్నా, తెలియక కొన్నా ఒకటే. ఈసీలో కనిపించేది రిజిస్టర్ అయిన లావాదేవీలే. కోర్టులో దావా ఉన్న సంగతి అందులో ఉంటుందన్న గ్యారంటీ లేదు.

తీర్పు వచ్చాక, అప్పీల్ వేయకముందే కొన్నా తప్పించుకోలేరు. దావా వేసిన రోజు నుంచి తుది డిక్రీ పూర్తిగా అమలయ్యే వరకు, లేదా అమలు గడువు తీరిపోయే వరకు కేసు పెండింగ్‌లో ఉన్నట్టే లెక్క. మొదటి అప్పీల్‌కు హైకోర్టులో అయితే 90 రోజులు, జిల్లా కోర్టులాంటి చోట 30 రోజుల గడువు ఉంటుంది. సరైన కారణం చూపిస్తే ఆ తర్వాత కూడా కోర్టు అనుమతించవచ్చు.

అసలు ప్రమాదం ఇంకొకటి ఉంది. డబ్బు జేబులో పడ్డాక అమ్మినాయనకు కేసు మీద శ్రద్ధ ఎందుకుంటుంది? వాయిదాలకు రాకపోవచ్చు, అవతలివారితో రాజీ కూడా పడొచ్చు. అందుకే కొన్నవారు సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 22 రూల్ 10 కింద, తమను అప్పీల్‌లో పార్టీగా చేర్చమని వెంటనే పిటిషన్ వేసుకోవాలి. అనుమతి ఇవ్వడం కోర్టు ఇష్టం. 2013లో థామ్సన్ ప్రెస్ కేసులో సుప్రీంకోర్టు, దావా నడుస్తుండగా కొన్న కంపెనీని పార్టీగా చేర్చుకునేందుకు ఒప్పుకుంది. అయితే చేరినంత మాత్రాన కొత్త హక్కులేమీ రావు, అమ్మినాయన వాదనే వినిపించాలి.

ఏమీ చేయకుండా కూర్చుని, చివర్లో అమీనా వచ్చినప్పుడు అడ్డుపడదామంటే ఆర్డర్ 21 రూల్ 102 ఆ దారీ మూసేసింది. ఇక మిగిలేది డబ్బు వెనక్కి ఇమ్మని అమ్మినాయన మీద ఇంకో దావా.

కొనేముందే ఈ-కోర్ట్స్ వెబ్‌సైట్‌లో పేరు, సంవత్సరంతో కేసులు వెతకొచ్చు. అమ్మే వ్యక్తి పేరు ఒక్కటే కాదు, ఆయనకు అమ్మినవారి పేరు కూడా కొట్టి చూడండి. అది కూడా కింది కోర్టుతో ఆపకుండా హైకోర్టు వరకు.