మన వంటింటికి మిక్సీ: ధర చూడాలా? వాట్లు చూడాలా?

పోయిన సంవత్సరం మా తెలుగు బడిలో 'ర' గుణింతం చెబుతూ 'రో' దగ్గర రోలు బొమ్మ చూపించాం. "ఇదేమిటో చెప్పండి పిల్లలూ" అని అడిగితే, రెండో వరుసలో కూర్చున్న ఏడేళ్ళ అమ్మాయి చెయ్యెత్తి "బర్డ్ బాత్!" అంది. క్లాసంతా నవ్వింది, మేమూ నవ్వాం. "కాదమ్మా, మీ తాతమ్మ ఇందులోనే పచ్చడి నూరేది" అన్నాం. అప్పుడు ఇంకో అబ్బాయి అమాయకంగా "పచ్చడి సీసాలో కదండీ వస్తుంది?" అన్నాడు. ఈసారి మాకు నవ్వు రాలేదు.

తప్పు ఆ పిల్లవాడిది కాదు. అప్పటికి నెలరోజులుగా మా ఇంట్లోనూ మిక్సీ పాడై మూల కూర్చుంది. మేమూ సీసా పచ్చళ్ళతోనే కాలక్షేపం చేస్తున్నాం. ఈ దేశంలో మనకి రోలూ రోకలీ లేవు, సన్నికల్లు అంతకన్నా లేదు. ఉన్నదల్లా ఒక్క మిక్సీ. అది మూలపడితే కొబ్బరి పచ్చడి, కందిపొడి, అల్లం వెల్లుల్లి ముద్ద అన్నీ కొట్టు నుంచి రావలసిందే. అందుకే ఈ ఏడాది సంచికలో ఒక మంచి మిక్సీని తక్కువ ఖర్చులో ఎలా ఎంచుకోవాలో, మేము డబ్బు పోగొట్టుకుని నేర్చుకున్న పాఠాలతో సహా చెప్పాలనుకున్నాం.

బ్లెండరు చాలదా?

"ఇంట్లో బ్లెండరు ఉందిగా, మళ్ళీ మిక్సీ ఎందుకు?" అని చాలామంది అడుగుతారు. ఈ ప్రశ్న కొత్తది కాదు. 1960లలో బొంబాయిలో సత్యప్రకాశ్ మాథుర్ అనే ఇంజనీరు ఇంట్లో విదేశీ బ్లెండరు ఒకటి ఉండేది. మన రుబ్బుడికి తట్టుకోలేక దాని మోటారు కాలిపోయింది. ఆయన మన వంటకి తగిన మోటారుతో సొంతంగా ఒక యంత్రాన్ని తయారుచేశారు. అదే 'సుమీత్' మిక్సీ. ఆ పేరు మన అమ్మలందరికీ తెలుసు.

తేడా ఎక్కడుందంటే, బ్లెండరు గిన్నె పొడుగ్గా ఉంటుంది. నీళ్ళో పాలో ఎక్కువగా ఉంటే సుడి తిరిగి పళ్ళ ముక్కలు బ్లేడు దగ్గరికి వస్తాయి. మన పచ్చడిలో నీళ్ళు ఎక్కువ ఉండవు. సుడి లేకపోతే పైనున్నది పైనే ఉంటుంది, బ్లేడు ఖాళీగా తిరుగుతుంది. మిక్సీ జార్లు పొట్టిగా, వెడల్పుగా, స్టీలుతో ఉంటాయి. బ్లేడు అడుగుకి దగ్గరగా తిరుగుతుంది. అందుకే నాలుగు ఎండుమిరపకాయలు, ఒక చెంచాడు జీలకర్ర వేసినా నలుగుతాయి.

మొదట చూడవలసింది వోల్టేజి

మేము ఈ దేశం వచ్చిన కొత్తలో అమ్మ ఇచ్చిన 750 వాట్ల మిక్సీని సూట్‌కేసులో చీరల మధ్య చుట్టి తెచ్చుకున్నాం. ఇండియాలో కరెంటు 230 వోల్టులు, అమెరికాలో 120. ప్లగ్గు మార్చే చిన్న అడాప్టరు ప్లగ్గు ఆకారాన్నే మారుస్తుంది, వోల్టేజిని మార్చదు. ఈ సంగతి ఇంజనీరింగు చదివిన మాకు తెలుసు. అందుకని ట్రాన్స్‌ఫార్మరు కొన్నాం. కాకపోతే చవగ్గా వస్తోందని 500 వాట్లది కొన్నాం!

ఉగాది ముందు రోజు గారెలకి నానబోసిన మినప్పప్పు రుబ్బుతుంటే ట్రాన్స్‌ఫార్మరు నుంచి పొగ లేచింది. అపార్టుమెంటులో పొగ అలారం మోగింది. పక్కింటివాళ్ళంతా వరండాలోకి వచ్చేశారు. ఆ పూట గారెలూ లేవు, ట్రాన్స్‌ఫార్మరూ లేదు. మోటారు తిరగడం మొదలుపెట్టే క్షణంలో మామూలు కన్నా ఎక్కువ కరెంటు లాగుతుంది. అందుకని 750 వాట్ల మిక్సీకి 1500 వాట్ల ట్రాన్స్‌ఫార్మరైనా ఉండాలి. అది బియ్యం సంచీ అంత బరువు. దాని ఖరీదు కూడా కలుపుకుంటే ఇండియా నుంచి తెచ్చిన మిక్సీ చవక అనే మాట నిలవదు.

కాబట్టి ఇక్కడ వాడేదయితే 110 లేక 120 వోల్టులని వెనక చీటీ మీద రాసి ఉన్నదే కొనండి. మన సరుకుల కొట్లలోనూ ఆన్‌లైన్‌లోనూ ఇవి దొరుకుతాయి. సాధారణంగా వంద నుంచి రెండు వందల డాలర్ల మధ్య మంచిదే వస్తుంది. తిరిగి ఇండియా వెళ్ళిపోయేవాళ్ళు దీన్ని మాత్రం తీసుకెళ్ళకండి. అక్కడ 230 వోల్టుల ప్లగ్గులో పెడితే మోటారు చూస్తుండగానే కాలిపోతుంది.

వాట్లు ఎన్ని ఉండాలి?

వాట్లంటే మోటారు ఎంత కరెంటు తింటుందో చెప్పే లెక్కే గాని, ఎంత బాగా నూరుతుందో చెప్పే లెక్క కాదు. నలుగురున్న ఇంట్లో రోజువారీ పచ్చడికి, మసాలాకి 500, 550 వాట్లు చాలు. తరచుగా ఇడ్లీ పిండి రుబ్బేవాళ్ళు, కారప్పొడి, సాంబారు పొడి ఎక్కువగా కొట్టుకునేవాళ్ళు 750 వాట్లది తీసుకోవచ్చు. ఇద్దరే ఉన్న ఇంటికి వెయ్యి వాట్లు అక్కర్లేదు. వారానికి రెండు మూడు సార్లు ఇడ్లీ, దోసె పిండి కావాలంటే రాతి గ్రైండరు వేరే ఉండటమే మేలు. అది నెమ్మదిగా తిరుగుతుంది కాబట్టి పిండి వేడెక్కదు. మిక్సీలోనే రుబ్బాలంటే చల్లటి నీళ్ళు పోసి, కొంచెం కొంచెంగా రుబ్బుకోండి.

జార్లు చేత్తో పట్టుకుని చూడండి

అయిదు జార్లు ఇస్తున్నారని మురిసిపోకండి. వాడేవి మూడే: పచ్చడికి చిన్నది, పొడులకి మధ్యది, పిండికి పెద్దది. అందులోనూ రోజూ చేతిలో ఉండేది చిన్న జారే. కొట్లో దాన్ని తిప్పి చూడండి. అడుగున ఉన్న చక్రాన్ని వేలితో తిప్పితే ఊగకుండా నున్నగా తిరగాలి. మూత గట్టిగా పట్టాలి. పిడి బిగువుగా ఉండాలి.

తర్వాత కొట్టువాణ్ణి ఒక్క ప్రశ్న అడగండి: "దీని రబ్బరు వాషరు, కింద చక్రం, బ్లేడు ఇక్కడ విడిగా దొరుకుతాయా? వారంటీ ఈ దేశంలో చెల్లుతుందా?" దొరకవంటే ఎంత చవకైనా వద్దు. రెండు డాలర్ల వాషరు దొరక్క నూట యాభై డాలర్ల మిక్సీని పారేసిన ఇళ్ళు మాకు తెలుసు.

పారేసేముందు తిరగేసి చూడండి

మొదట్లో చెప్పిన, మూల కూర్చున్న మిక్సీ సంగతి. ట్రాన్స్‌ఫార్మరు కథ అయ్యాక ఇక్కడే కొన్న 110 వోల్టుల మిక్సీ అది. ఒకరోజు కొబ్బరి ముక్కలు నిండుగా వేసి తిప్పుతుంటే ఠక్కున ఆగిపోయింది. ఇక అయిపోయిందనుకుని పక్కన పెట్టేశాం. నెల తర్వాత ఇండియా నుంచి నాన్నగారు వచ్చారు. ఆయన చదువుకున్నది తెలుగు సాహిత్యం. మిక్సీని తిరగేసి, కింద ఉన్న చిన్న ఎర్ర బటన్ నొక్కి "ఇప్పుడు చూడండిరా" అన్నారు. అది తిరిగింది. ఇంట్లో ఉన్న ఇద్దరు ఇంజనీర్లం ఒకరి మొహాలు ఒకరం చూసుకున్నాం.

మోటారు మీద భారం ఎక్కువైతే కాలిపోకుండా కరెంటు ఆపేసే స్విచ్ అది. మిక్సీ ఆగిపోతే ప్లగ్గు తీసి, జారులో సగం తీసేసి, పది నిమిషాలు చల్లారనిచ్చి ఆ బటన్ నొక్కండి. చాలాసార్లు అంతకు మించిన రోగం ఉండదు. అలాగే కొత్త మిక్సీ మొదటి కొన్ని సార్లు కొంచెం వాసన వేస్తే కంగారుపడకండి. మోటారు తీగల పూత వేడెక్కడం వల్ల వచ్చే వాసన అది. పొగ వస్తే మాత్రం వెంటనే వెనక్కి ఇచ్చేయండి.

పదేళ్ళు మన్నాలంటే

వేయించిన దినుసుల్ని పూర్తిగా చల్లారాకే వేయండి. ఉడుకుతున్న పప్పో టమాటాలో వేసి మూత పెడితే ఆవిరికి మూత ఎగిరి మొహం మీద పడుతుంది. జారు సగానికి మించి నింపకండి. ఒకేసారి అయిదు నిమిషాలు తిప్పకుండా, నిమిషం తిప్పి కాస్త ఆపండి. చప్పుడు తగ్గుతుందని కింద తువ్వాలు మడిచి పెట్టకండి. మోటారుకి గాలి వెళ్ళే కంతలు అడుగునే ఉంటాయి, అవి మూసుకుపోతాయి. దాని బదులు చెక్క పలక మీద పెట్టండి.

రోటి పచ్చడి రుచి కావాలంటే అమ్మ చెప్పిన చిట్కా ఒకటుంది. ముందు మిరపకాయలు, ఉప్పు, చింతపండు తిప్పేయాలి. గోంగూరో వంకాయో చివర్లో వేసి, పల్స్ వైపు రెండుసార్లు తిప్పి ఆపేయాలి. పచ్చడి కచ్చాపచ్చాగా ఉండాలిగాని మెత్తటి ముద్ద కాకూడదు.

పిల్లలూ, మీకు హోంవర్కు

మీ ఇంట్లో మిక్సీ వెనక చీటీ చదివి వాట్లు, వోల్టులు రాసుకోండి. వాట్లని వోల్టులతో భాగిస్తే ఎన్ని ఆంపియర్ల కరెంటు కావాలో వస్తుంది. 750 వాట్ల మిక్సీకి ఇండియాలో 750ని 230తో భాగిస్తే సుమారు 3.3. ఇక్కడ 120తో భాగిస్తే 6.25. అదే పనికి ఇక్కడ దాదాపు రెట్టింపు కరెంటు కావాలన్నమాట! ప్లగ్గు తీయకుండా జారులో చెయ్యి మాత్రం పెట్టకూడదు. ఇది హోంవర్కు కాదు, ఆజ్ఞ.

రెండో ప్రశ్న. మీ అమ్మనో, నాన్ననో, ఫోనులో అమ్మమ్మనో అడిగి మీ ఇంట్లో చేసే పచ్చళ్ళలో ఒకదాని పేరు, అందులో వేసేవన్నీ వరుసగా తెలుగులో రాసుకురండి. 'రోలు' రాయడం వచ్చినవాళ్ళకి 'రోటి పచ్చడి' రాయడం ఎంతసేపు? వచ్చే ఆదివారం క్లాసులో అందరివీ చదువుదాం.