వేలిముద్ర పడని చేతులు

నెల మొదట్లో చౌక ధరల దుకాణం దగ్గర కాసేపు నిలబడితే చాలు, ఒక మాట తప్పక వినిపిస్తుంది: ‘వేలిముద్ర పడటం లేదు, ఇంకో వేలు పెట్టమ్మా.’ కొంగుతో వేలు తుడుచుకుని మళ్లీ నొక్కేవారిలో వృద్ధులు, కూలిపని చేసేవారు తరచూ కనిపిస్తారు. యంత్రం ఒప్పుకుంటేనే బియ్యం తూకానికి వస్తాయి.

ప్రభుత్వానికీ ప్రజలకూ మధ్య వేలిముద్ర రావడం ఈనాటిది కాదు. 1858లో బెంగాల్‌లోని జంగీపూర్‌లో విలియం హెర్షెల్ అనే ఆంగ్లేయ అధికారి ఒక ఒప్పందం మీద రాజ్యధర్ కోనాయ్ అనే గుత్తేదారు చేత అరచేతి ముద్ర వేయించాడు. తర్వాత అతను మాట మార్చకూడదన్నది ఉద్దేశం. 1877లో హుగ్లీలో పింఛనుదారుల వేలిముద్రలూ సేకరించాడు. చనిపోయినవారి పేరు చెప్పి బంధువులు డబ్బు తీసుకోకుండా అది అడ్డుకట్ట. 1897లో కలకత్తాలో వేలిముద్రల బ్యూరో మొదలైంది. ముద్రలను వర్గీకరించే పద్ధతిని రూపొందించడంలో అక్కడి అజీజుల్ హక్, హేమచంద్ర బోస్‌ల కృషి ఎంతో ఉంది. 2010 సెప్టెంబరు 29న మహారాష్ట్రలోని టెంభ్లీ గ్రామంలో తొలి ఆధార్ సంఖ్య ఇచ్చేనాటికి ఆ ముద్ర కాగితం వదిలి కంప్యూటర్‌లోకి చేరింది.

యంత్రం ఏం చూస్తుంది?

వేలికొన మీది చర్మంలో సన్నని గట్లు ఉంటాయి. ఒక గట్టు ఎక్కడ ఆగిపోయింది, ఎక్కడ రెండుగా చీలింది అనే బిందువులను యంత్రం గుర్తిస్తుంది. నమోదు సమయంలో దాచిన బిందువులతో వాటిని పోల్చి, పోలికకు ఒక మార్కు వేస్తుంది. ఆ మార్కు నిర్ణీత హద్దు దాటితే ‘అవును’, దాటకపోతే ‘కాదు’.

చిక్కంతా ఈ హద్దులోనే ఉంది. దాన్ని పెంచితే మోసగాళ్లు లోపలికి రావడం కష్టమవుతుంది, కానీ అసలైన లబ్ధిదారులూ బయట ఆగిపోతారు. తగ్గిస్తే దీనికి తలకిందులు. రెండు తప్పులనూ ఒకేసారి సున్నాకు తేగల హద్దు ఆచరణలో దొరకదు.

పైగా చేతులన్నీ ఒకేలా ఉండవు. ఇటుకలు, సిమెంటు, సున్నం, రాళ్లతో పనిచేసేవారి వేళ్ల మీద గట్లు అరిగిపోతాయి. వయసు పైబడిన కొద్దీ చర్మం పొడిబారి, ముడతలు పడి ముద్ర మసకబారుతుంది. ఒక దుకాణంలో 500 కార్డులున్నాయనీ, నూటికి ఒకరి ముద్ర పడటం లేదనీ అనుకుందాం. అంటే ఐదు కుటుంబాలు. ఈ నెల ఒక ఐదు, వచ్చే నెల ఇంకో ఐదు అయితే నష్టం పంచుకున్నట్టవుతుంది. కానీ అరిగిన వేళ్లు నెల తిరిగేసరికి బాగుపడవు. వైఫల్యం మళ్లీ మళ్లీ ఆ గడపలకే వస్తుంది.

రెండు రాష్ట్రాలు, రెండు ఫలితాలు

ఈ సాంకేతికత మంచిదా, చెడ్డదా అన్న ప్రశ్నకు మన దేశంలోనే జరిగిన రెండు పెద్ద అధ్యయనాలు ఆలోచించదగ్గ జవాబు ఇచ్చాయి. రెండింటిలోనూ కార్తీక్ మురళీధరన్, పాల్ నీహాస్, సందీప్ సుఖ్తాంకర్ భాగస్వాములు.

మొదటిది ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో జరిగింది. ఉపాధి హామీ కూలి, పింఛన్లను వేలిముద్రతో పనిచేసే స్మార్ట్‌కార్డుల ద్వారా ఇచ్చే పద్ధతిని ఎనిమిది జిల్లాల్లోని 157 మండలాల్లో, లాటరీ తరహాలో ఎంపిక చేసిన క్రమంలో పరీక్షించారు. 2016లో ప్రచురితమైన ఫలితాల ప్రకారం ఉపాధి హామీలో సొమ్ము పక్కదారి పట్టడం సుమారు 41 శాతం తగ్గింది. కూలి డబ్బు త్వరగా అందింది. దాన్ని తీసుకోవడానికి పట్టే సమయం కూడా సగటున 22 నిమిషాలు తగ్గింది.

రెండోది ఝార్ఖండ్‌లో, రేషన్ పంపిణీకి ఆధార్ ధ్రువీకరణ తప్పనిసరి చేసినప్పుడు జరిగింది. అక్కడ తొలి దశలో అక్రమాలు చెప్పుకోదగినంతగా తగ్గలేదు. కార్డుకు ఆధార్ జతకాని కుటుంబాలకు అందే సరుకుల విలువ మాత్రం సుమారు పది శాతం పడిపోయింది. తర్వాత యంత్రాల్లోని లెక్కల ఆధారంగా దుకాణాలకు నిల్వలు సర్దడం మొదలయ్యాక అక్రమాలు బాగా తగ్గాయి, దాంతోపాటు అర్హులకు అందేవీ తగ్గాయి.

ముద్ర రెండు చోట్లా వేలిదే. తేడా దాని చుట్టూ ఉన్న నిబంధనల్లో ఉంది. ఆంధ్రప్రదేశ్‌లో చెల్లింపు కేంద్రం ఊళ్లోకి వచ్చింది. కార్డు లేనివారికి పాత పద్ధతిలో డబ్బు ఇవ్వడం ఆగలేదు. రెండేళ్ల తర్వాత కూడా సగం చెల్లింపులే కొత్త పద్ధతిలోకి మారాయి. బయటి నుంచి చూస్తే అమలులో లోపంలా కనిపించే ఈ సడలింపే చాలామందిని కాపాడింది. ఝార్ఖండ్‌లో అలాంటి తలుపు అంత తెరుచుకుని లేదు.

లెక్కలో కనిపించనివారు

యంత్రం తన దగ్గరికి వచ్చినవారినే లెక్కిస్తుంది. మూడుసార్లు వెనక్కి వెళ్లి, నాలుగోసారి రావడమే మానేసిన వృద్ధురాలు దాని లెక్కలో ఉండదు. ఆమె తీసుకోని బియ్యం కాగితం మీద ‘ఆదా’గా కనిపించవచ్చు. ఆ ఆదాలో దొంగ కార్డుల వాటా ఎంత, ఆకలి వాటా ఎంత అన్నది ఇంటింటికీ వెళ్లి అడిగితే తప్ప తేలదు.

2018 సెప్టెంబరు 26న సుప్రీంకోర్టు సంక్షేమ పథకాలకు ఆధార్ వాడకాన్ని మెజారిటీ తీర్పుతో సమర్థించింది. ధ్రువీకరణ విఫలమైనంత మాత్రాన అర్హులకు ప్రయోజనాలు ఆగకూడదన్న ఆందోళననూ ఆ తీర్పు పరిగణనలోకి తీసుకుంది. ఆధార్ లేదనో, ముద్ర పడలేదనో రేషన్ నిరాకరించవద్దని 2017 అక్టోబరులోనే కేంద్రం రాష్ట్రాలకు సూచించింది. కనుపాప, ముఖ గుర్తింపు, ఫోన్‌కు వచ్చే ఓటీపీ వంటి మార్గాలూ అందుబాటులోకి వచ్చాయి. అయితే కంట్లో శుక్లం ఉన్నవారికి, ఇంట్లో ఫోన్ లేనివారికి ఇవి కూడా కొత్త మెట్లే. అందుకే చివరన యంత్రం అవసరం లేని ఒక దారి, అంటే డీలర్ దగ్గర ఒక రిజిస్టరు, ఒక సాక్షి సంతకం ఉండి తీరాలి. ఆ రిజిస్టరులో ఎన్ని పేర్లు చేరుతున్నాయో ప్రతి నెలా దుకాణం బోర్డు మీద రాస్తే, వేలిముద్ర ఎవరిని ఆపుతోందో ఊరందరికీ తెలుస్తుంది.