బిడ్డను పెంచునది వీథి

బొబ్బిలి యనగానే తెలుగువారికెల్ల 1757వ సంవత్సరము జనవరి 24వ తేదీన జరిగిన యుద్ధము జ్ఞప్తికి వచ్చును. తాండ్ర పాపారాయని పౌరుషము నేటికిని కథగా చెప్పుకొనుచున్నాము. ఆ వృత్తాంతములో మనము అంతగా తలంపని యొక చిన్న సంగతి కలదు. కోటలో స్త్రీలును పిల్లలును మడిసిన పిదప, ఒక వృద్ధుడు రంగారావుగారి పసికుమారుని ఎత్తికొని వచ్చి, పరాసు సేనలోని లా దొర యెదుట నుంచెనని ఆంగ్లేయ చరిత్రకారుడు ఓర్మ్ వ్రాసియున్నాడు. తల్లి లేదు, తండ్రి లేడు. ఒక ముసలివాని చేతులు ఆ బిడ్డను బ్రదికించినవి.

యుద్ధములు పోయినవి గాని, బిడ్డ బ్రదుకు ఎవరి చేతులలో నున్నదను ప్రశ్న పోలేదు. బిడ్డ చిక్కిపోయినచో మనము తల్లినే యందుము. మాటలు ఆలస్యముగా వచ్చినను తల్లినే యందుము. కోడలు పొలమునకో, జనపనార మిల్లునకో పోయినచో, "బిడ్డను గాలికి వదలినది" అని ఇరుగమ్మ పొరుగమ్మతో చెప్పును. ఆమె తెచ్చిన కూలితోనే బిడ్డకు పాలును మందును వచ్చుచున్న సంగతి ఆ క్షణమున ఎవరికిని గుర్తుండదు. ఈ నింద న్యాయమైనది కాదని, బిడ్డకు మేలు చేయునది అంతకన్న కాదని మా యభిప్రాయము.

మొదటి యేండ్లు

రెండేండ్లు నిండునప్పటికి బిడ్డ మెదడు పెద్దవారి మెదడు పరిమాణములో నూటికి ఇంచుమించు 80 పాళ్లకు పెరుగునని వైద్యులు చెప్పుచున్నారు. బడిలో చేర్చిన నాటినుండి చదువు మొదలగునని మన మనుకొందుము. అప్పటికే పునాది పడిపోయి యుండును. ప్రపంచ ఆరోగ్య సంస్థ, యునిసెఫ్ మున్నగు సంస్థలు 2018లో శిశువునకు ఐదు సంగతులు కావలెనని ప్రకటించినవి: ఆరోగ్యము, పోషణము, పిలుపునకు పలికెడి ఆదరణము, భయము లేని చోటు, నేర్చుకొను నవకాశము. ఈ యైదింటిని ఒక్క తల్లి ఒంటిచేతితో సమకూర్చగలదా? నీళ్ల కుళాయి దగ్గర బురద, కంచె లేని చెరువుగట్టు, వీథికుక్కలు, ఇవి ఆమె చేతిలో నున్నవా?

ఆహారము మాట చూతము. 1987 మొదలు 1990 వరకు హైదరాబాదు చేరువ నున్న 29 గ్రామములలో ఒక పరిశోధన జరిగినది. వానిలో 15 గ్రామములందు గర్భిణులకును ఆరేండ్లలోపు పిల్లలకును ప్రతిదినము మొక్కజొన్న, సోయా పిండితో చేసిన ఉప్మా అంగనవాడి ద్వారా పెట్టిరి. తక్కిన 14 గ్రామములకు ఆ పథకము అప్పటికి రాలేదు. ఆ కాలమున పుట్టిన పిల్లలు 13 మొదలు 18 ఏండ్ల వయసు వచ్చిన పిమ్మట కొలిచి చూడగా, ఉప్మా పెట్టిన గ్రామములవారు సగటున 14 మిల్లీమీటర్లు ఎక్కువ పొడవుండిరి. వారి రక్తనాళముల బిరుసుదనము గూడ తక్కువగా నుండెను. ఊరుమ్మడిగా పెట్టిన యొక గిన్నెడు ఉప్మా అన్నేండ్లకు దేహములో లెక్కకు వచ్చినది.

అయినను అన్నము మాత్రమే చాలదు. జమైకా ద్వీపమున కింగ్‌స్టన్ పట్టణములో 1986-87 సంవత్సరములందు, ఎదుగుదల లేని 129 మంది బీదపిల్లలతో మరియొక పరిశోధన ఆరంభించిరి. కొందరి యిండ్లకు ఆరోగ్య సహాయకురాండ్రు వారమునకొక గంట చొప్పున రెండేండ్లు వెళ్లి, ఇంట చేసిన బొమ్మలతో బిడ్డను ఎట్లు ఆడించవలెనో, ఎట్లు మాటలాడవలెనో తల్లికి చూపిరి. ఇరువది యేండ్ల తరువాత ఆ పిల్లలు తమ వంటివారికంటె నూటికి 25 పాళ్లు ఎక్కువ సంపాదించుచుండిరి. ఆహారము మాత్రమే పొందిన పిల్లలలో అంతటి భేదము నిలువలేదు.

దీనికి ఖరీదైన వస్తువు లేవియు నక్కరలేదు. బిడ్డ "ఊ" అన్నచో మనము "ఊ" అనుట, చందమామను చూపుట, బియ్యపు డబ్బా మూతను దాచి వెదకించుట, చోడి అంబలి త్రాగించుచు "వేడి, చల్లన" అని చెప్పుట, ఇవియే ఆ విద్య. మన నాయనమ్మలు దీనిని ఎరుగుదురు. ఇప్పుడు మాత్రము అన్నము తినిపించు వేళ బిడ్డచేతికి సెల్‌ఫోను ఇచ్చుట వాడుకయైనది. రెండేండ్లు నిండని పిల్లలకు తెర చూపవలదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో హెచ్చరించినది. ఫోను బిడ్డకు మాటలు వినిపించునే గాని, బిడ్డ మాటకు బదులు చెప్పదు.

బొబ్బిలి చెంతనున్న గొల్లపల్లి వైణిక శిల్పులకు పేరుపొందినది. ఒకే పనసదుంగను తొలిచి చేయు అచ్చటి ఏకాండి వీణకు 2012లో భౌగోళిక గుర్తింపు లభించినది. అచ్చటి పనివారి యిండ్లలో కొయ్యపేళ్ల నడుమ ఆడుకొను పసివానికి ఎవరును పాఠము చెప్పరు. తాత ఉలి పట్టుటను వాడు చూచును, తీగ మీటిన ధ్వనిని వినును, అడిగినదానికి ఎవరో యొకరు బదులు చెప్పుదురు. పెద్దవారు పని చేయుచోట బిడ్డ సురక్షితముగా కూర్చుండుట కవకాశ మున్నచో, పనియు పెంపకమును ఒకదానికొకటి అడ్డు రావని ఇందువలన తెలియుచున్నది. కాని మిల్లుయంత్రముల నడుమ, ఎండపొలముల నడుమ ఆ యవకాశము లేదు.

వాకిటి బడియు, దాని కొరతయు

అంగనవాడి యనగా వాకిటి బడి. మహారాష్ట్రమున తారాబాయి మోదక్ గారు 1945లో బోర్డీ గ్రామమున బాలవాడిని నెలకొల్పిరి. పిల్లలు బడికి రాలేనిచో బడియే వారి వాకిటికి పోవలెనని ఆమె యాచరణలో చూపిరి. 1975 అక్టోబరు 2వ తేదీన కేంద్ర ప్రభుత్వము 33 ప్రాజెక్టులతో సమగ్ర శిశు అభివృద్ధి పథకమును ఆరంభించినప్పుడు అంగనవాడియే దానికి ఆధారమైనది. నేడు మూడు మొదలు ఆరేండ్ల పిల్లలు అచ్చట భోజనము చేసి, ఆటపాటలు నేర్చుచున్నారు. మూడేండ్లలోపు వారికి మాత్రము ముఖ్యముగా ఇంటికి పంపెడి ఆహారమే లభించును. పగలంతయు ఆ బిడ్డను చూచువారెవరు? పనిగంటలు తీరునప్పటికి అంగనవాడి తలుపు మూసియుండును.

ఈ లోటును పూడ్చునది తరచుగా ఇంటి పెద్దకూతురు. మన ప్రాంతమున అక్కను "అప్ప" యని పిలుతుము. ఎనిమిదేండ్ల అప్ప చంటివానిని చంకనెత్తుకొని వీథి తిరుగుచుండగా చూచి, "ఎంత బుద్ధిమంతురాలు!" అని మెచ్చుకొందుము. ఆ దినము ఆమె బడి మానినదని మన కెవరికిని తోచదు. నేడు ఒక దినము, ఎల్లుండి రెండు దినములు. పిమ్మట లెక్కలు అందక సిగ్గుపడి ఆమెయే బడికి పోనని చెప్పును. ఇక చంటివాని సంగతి యేమి? ఆ పసిపిల్ల వానిని ఎత్తుకొనగలదు గాని, జ్వరమును గుర్తింపగలదా? చెరువువైపు పరుగెత్తినచో పట్టగలదా? ఒక బిడ్డను పెంచుటకు మరియొక బిడ్డ చదువును వెచ్చించుచున్నాము. ఇది మనము ఓర్చుకొనదగిన సంగతి కాదు.

చట్టములు ఈ యవసరమును గుర్తింపకపోలేదు. స్త్రీలు పెద్దసంఖ్యలో పనిచేయు కర్మాగారములందు శిశువులకు గది యుండవలెనని 1948 నాటి కర్మాగారముల చట్టము విధించినది. ఐదుగురో, అంతకు మించియో పిల్లలు పనిచోటికి వచ్చినచో వారిని చూచుట కొక స్త్రీని నియమించి కూలి యీయవలెనని 2005 నాటి ఉపాధి హామీ చట్టము చెప్పినది. 2022లో "పాల్నా" పేర, ఆరు నెలలు మొదలు ఆరేండ్ల పిల్లలను పగలంతయు చూచు అంగనవాడులను కేంద్ర ప్రభుత్వము తలపెట్టినది. అడిగినవారి యూరికే ఇట్టివి ముందు వచ్చును.

అంగనవాడి టీచరును గూడ మనము మరువరాదు. 2023 డిసెంబరు 12 మొదలు మన రాష్ట్రమున అంగనవాడి పనివారు గౌరవవేతనముల పెంపు కొరకు 42 దినములు సమ్మె చేసిరి. వారి పని యెంతటిదో ఆ దినములలో పనికి పోవు తల్లులకు చక్కగా తెలిసివచ్చి యుండును. ఊరి పసివారిని కాపాడు స్త్రీకి తన బిడ్డలను పోషించుకొనుటకు చాలునంత రాబడి యుండవలదా?

మనము చేయదగినది

"అత్తగారు ఇంట నుండగా ఇవన్నియు ఏల?" అని కొందరనవచ్చును. అత్తగారున్న యిల్లు అదృష్టము గలది. కాని ఆమెకు మోకాళ్లనొప్పులున్నను, ఆమెయు కూలికి పోవునదైనను మార్గమేది?

బంగ్లాదేశపు పల్లెలలో ఒక మార్గము కనుగొనిరి. వీథిలో నొక స్త్రీ తన యింటనే ఉదయము తొమ్మిది మొదలు మధ్యాహ్నము ఒంటిగంట వరకు ఇరువది, ఇరువదియైదుగురు పసివారిని చేర్చుకొని, ఒక సహాయకురాలితో కలసి ఆటపాటలతో చూచుకొనును. ఆమెను "ఆంచల్ మా" అందురు. తల్లులు ఇంటిపనులలో మునిగియుండు ఆ గంటలలోనే పిల్లలు చెరువులలో పడుట యెక్కువ. ఇట్టి యిండ్లు వెలసిన చోట్ల నాలుగేండ్లలోపు పిల్లలు నీటబడి మరణించుట మిగుల తగ్గినది. మన వీథులలో అరుగులున్నవి, డ్వాక్రా సంఘములున్నవి, కొలుపులకు చందా వేసికొను నలవాటున్నది. పదిమంది తల్లులు కలసి, నమ్మకమైన యిద్దరు స్త్రీలకు కూలి యిచ్చి, ఒక వాకిలికి తడికె కట్టించుట మనకు అసాధ్యమా?

అంతవరకు గృహిణులు నేడే చేయదగినవి కొన్ని కలవు. నెలకొకమారు పొరుగు బిడ్డను గూడ వెంటబెట్టుకొని అంగనవాడికి పోయి తూకము వేయింపుడు. ఆరు నెలలు నిండిన బిడ్డకు తల్లిపాలతోబాటు మెత్తని పప్పన్నము, గ్రుడ్డు, ఆకుకూర అలవాటు చేయుడు. మీ వాకిట ఆడుకొను బిడ్డ ఎవరిదైనను పేరు పెట్టి పలుకరింపుడు. చంకన బిడ్డతో బడివేళ వీథిలో కనబడిన అప్పను మెచ్చుకొనుట మాని, ఆ చంటివానిని మీరు అందుకొని ఆమెను బడికి పంపుడు.

పనినుండి వచ్చిన తల్లిని "ఇంతసేపా?" అని యడుగక, "బిడ్డ అన్నము తిన్నాడమ్మా, నిదురపోవుచున్నాడు" అని చెప్పగల పొరుగిల్లు ప్రతి వీథిలో నొకటి యుండవలెను. అది మా పాఠకురాండ్ర యిల్లే కావలెనని కోరుచున్నాము.