మీథింక్స్ అంటే నాకనిపిస్తోంది

జెనెటిక్ అల్గారిథమ్స్ నేర్చుకునేటప్పుడు చాలామంది రాసే చిన్న ప్రోగ్రామ్ ఒకటుంది, వీజిల్ ప్రోగ్రామ్ అని. రిచర్డ్ డాకిన్స్ 1986లో 'ది బ్లైండ్ వాచ్‌మేకర్' పుస్తకంలో దీన్ని వివరించాడు. అర్థంపర్థం లేని 28 అక్షరాలతో (ఖాళీలతో కలిపి) మొదలుపెట్టి, కొద్దికొద్దిగా మారుస్తూ షేక్‌స్పియర్ 'హామ్లెట్'లోని ఓ వాక్యానికి చేరాలి. నా కోడ్ చేరింది. నేనే మొదటి పదం దగ్గర ఆగిపోయా: మీథింక్స్.

'మీ' పక్కన 'థింక్స్' ఏంటి? 'ఐ థింక్' కదా కరెక్టు?

పాత ఇంగ్లీషులో రెండు వేరే క్రియలుండేవి. థెంచన్ అంటే ఆలోచించడం, థ్యుంచన్ అంటే అనిపించడం. పోనుపోను రెండూ కలిసిపోయి 'థింక్' అయ్యాయి. మీథింక్స్ వచ్చింది రెండోదాన్నుంచి. ఇందులో 'మీ' అంటే 'నన్ను' కాదు, 'నాకు'. మొత్తం కలిపితే 'నాకనిపిస్తోంది'. ఇక్కడ కర్త నేను కాదు, నాకు అనిపించే విషయం. అందుకే చివర ఆ 'ఎస్'. భూతకాలంలో 'మీథాట్', అంటే నాకనిపించింది. ఇప్పుడైతే సరదాకో, వెటకారానికో తప్ప ఎవరూ వాడరు.

చిన్నప్పుడు స్కూల్లో 'నాకు ఆకలేస్తోంది' అనడానికి 'టు మీ హంగర్ ఈజ్ కమింగ్' అన్నా. క్లాసంతా నవ్వింది. ఇక తెలుగులో ఆలోచించడమే తప్పనుకున్నా. చివరికి తెలుగులో కూడా ప్రతిదానికీ 'నేను అనుకుంటున్నాను' అనడం అలవాటైపోయింది. మా అమ్మమ్మ మాత్రం ఇప్పటికీ 'ఏమో, నాకలా అనిపించింది' అంటుంది.

నా వాక్యం తప్పే, ఒప్పుకుంటా. కానీ దాని వెనకున్న ఆలోచన తప్పు కాదు. ఒకప్పుడు ఇంగ్లీషూ అలాగే మాట్లాడింది.

నాకలా అనిపిస్తోంది.