ఈతబడి ఆదాయవ్యయములు

వేసవి సెలవులు సమీపించుచున్నవనగా మన పట్టణములలో గోడలమీదను విద్యుత్ స్తంభములమీదను ఈత శిబిరముల ప్రకటనలు కనబడసాగును. ఇన్ని దినములలో ఈత నేర్పెదమనియు, ఇంత రుసుమనియు అందు వ్రాసియుండును. మన తాతల కాలమున ఈతకు రుసుమను మాటను పల్లెలలో నెవ్వరును వినియుండలేదు. పొలముగట్టున మోటబావి యుండెను. ఎండిన సొరకాయబుఱ్ఱలను నడుమునకు గట్టి పిల్లవానిని నీటిలోనికి దింపి, మేనమామయో పెద్దన్నయో ప్రక్కనే ఈదుచు నేర్పెడివాడు. అది ఉచితమని మనమందుము. కాని యోజించి చూడుడు. ఒక బాలునికొఱకు ఒక పెద్దవాడు పూటపూటంతయు వెచ్చించుచుండెను. ఆ పూటకు వెల గట్టుటయే నేటి ఈతబడి చేయుచున్న పని. ఆ వెల యెట్లు గట్టబడుచున్నదో, ఎక్కడ తప్పుచున్నదో చదువరులకు తెలుపుట యీ వ్యాసమున నా యుద్దేశము.

ఈతబడి యమ్మునది నీరు కాదు. నీట దిగి యాడుకొనుటకు ప్రవేశరుసుము పుచ్చుకొను కొలనులు వేఱు, ఈతబళ్లు వేఱు. ఈతబడి యమ్మునది శిష్యుని వీపుక్రింద గురువు చేయి నిలిచియుండు నిమిషములు మాత్రమే. పాశ్చాత్యదేశములలో నొక పాఠము సామాన్యముగా అరగంట. గురువునకు నలుగురు శిష్యులున్నచో వంతులచొప్పున నొక్కొక్కనికి 7½ నిమిషములు దొరకును. ఆర్గురైనచో 5 నిమిషములు. పదుగురైనచో 3 నిమిషములు. తక్కిన కాలమంతయు బాలుడు గోడ పట్టుకొని వణకుచు తన వంతుకై యెదురుచూచుచుండును. రుసుము మాత్రము అరగంటకును చెల్లింపవలసినదే.

ఇక యజమాని వైపునుండి చూతము. నలుగురున్నను పదుగురున్నను గురువు జీతమొకటే. నీరును దీపములును ఒకటే. కావున అయిదవ శిష్యుడు చేరినచో వాని రుసుము దాదాపుగా అంతయు లాభమే. శిష్యునికి నష్టమైన నిమిషములు యజమానికి లాభమగుచున్నవి. ఈ వ్యాపారమందలి చిక్కులన్నియు ఇక్కడనే పుట్టుచున్నవి.

అమెరికాలో నీ వ్యాపారము పెక్కు శాఖలుగల సంస్థలుగా పెరిగినది. ఫ్రాంచైజీ యనగా పేరును పద్ధతిని ఇతరులకిచ్చి, వారి యాదాయములో భాగము పుచ్చుకొను ఏర్పాటు. అక్కడి పెద్ద ఈతబళ్లు పెక్కు ఈ విధముననే వ్యాపించినవి. వానిలో రెండింటిని చూచిన రెండు మార్గములు తెలియును. 2006లో మిషిగన్ రాష్ట్రమందలి బర్మింగ్‌హామ్ పట్టణమున మెక్యూస్టన్ దంపతులు గోల్డ్‌ఫిష్ స్విమ్ స్కూలును స్థాపించిరి. పిల్లలకొఱకే కట్టిన లోతులేని వెచ్చని కొలను, ఒక గురువునకు నలుగురికి మించని శిష్యులు, ఇవి దాని ముఖ్య లక్షణములు. బ్రిటిష్ స్విమ్ స్కూలును 1981లో రీటా గోల్డ్‌బర్గ్ అను నామె ఇంగ్లండునందలి మాంచెస్టరులో ప్రారంభించెను. పిమ్మట నది అమెరికాకు పోయి అక్కడ వ్యాపించినది. ఈ రెండవదాని మార్గము కొలను కట్టుట కాదు. వ్యాయామశాలలును హోటళ్లును కట్టుకొన్న కొలనులను గంటల లెక్కన అద్దెకు తీసికొని పాఠములు చెప్పుట.

సొంత యెడ్లుగల రైతునకును అద్దె యెడ్లతో దున్ను రైతునకును గల భేదమే యిది. సొంత కొలనువాడు మొదట గొప్ప మూలధనమును నీటిపాలు చేయవలెను. అది వాడినను వాడకున్నను మేత మేయుచునే యుండును. అద్దెవానికి ఆ బాధ లేదు. కాని యజమాని పని తీరిన పిదపగాని యెడ్లు వానికి దొరకవు. నీరెంత వెచ్చగా నుండవలెనో, ఏ గంటలలో దిగవలెనో నిర్ణయించువాడు మఱియొకడు.

నీటి వెచ్చదనము అల్పవిషయమని తలపకుడు. పందెగాండ్రు ఈదు కొలనులలో నీరు 25 మొదలు 28 డిగ్రీల సెంటిగ్రేడు వఱకు ఉండును. అంతకన్న వేడియైనచో వేగముగా నీదువాని దేహము తపించిపోవును. పసిపిల్లలకు 30 మొదలు 32 డిగ్రీలైనను ఉండవలెను. ఏలయన బరువుతో పోల్చినచో పిల్లల చర్మపు వైశాల్యము పెద్దలకన్న అధికము. అందుచే వారి దేహము త్వరగా చల్లబడును. చల్లబడిన పిల్లవాడు నేర్వడు, ఏడ్చును. కావున ఒకే కొలను పందెగానికిని పసివానికిని తగదు. ఈత సంఘములనుండి ఈతబళ్లు వేఱుపడి ప్రత్యేక వ్యాపారమగుటకు ఈ నాలుగైదు డిగ్రీల భేదము నొక ముఖ్యకారణము.

ఆ నాలుగైదు డిగ్రీలకు వ్యయమెంత? మన గణితము తరగతిలో నేర్చినదే ఇక్కడ పనికివచ్చును. 25 మీటర్ల పొడవు, 10 మీటర్ల వెడల్పు, సగటున 1.2 మీటరు లోతుగల కొలనులో 300 ఘనమీటర్ల నీరు, అనగా 3 లక్షల లీటర్లు పట్టును. దానిని ఒక్క డిగ్రీ వేడిచేయుటకు సుమారు 350 యూనిట్ల శక్తి కావలెను. ఒక సామాన్య గృహమున రెండు నెలలకు పైగా వాడు విద్యుత్తు అది. ఒకమారు వేడిచేసినచో తీరునా? తీరదు. కొలను వేడిని ముఖ్యముగా దొంగిలించునది పైనుండి లేచిపోవు ఆవిరి. ఒక లీటరు నీరు ఆవిరియైపోవునప్పుడు, దాదాపు 580 లీటర్ల నీటిని ఒక డిగ్రీ చల్లబఱుపగల వేడిని తనతో గొనిపోవును. అందుచేతనే తెలిసిన యజమానులు రాత్రివేళ కొలనుపై దుప్పటివలె తెఱ కప్పుదురు. ఆ తెఱను చుట్టుటకును పఱచుటకును బద్ధకించు పనివాడు యజమానికి ఎంత ఖర్చు తెచ్చుచున్నాడో ఎఱుగడు.

నీటిని శుభ్రపఱచుట రెండవ వ్యయము. పిల్లల కొలనులలో నీరంతయు గంట గంటన్నరకొకమారు వడపోత యంత్రముగుండ పోయి రావలెను. అందుచే పంపులు రేయుంబవళ్లు తిరుగుచుండును. క్లోరిను కలుపుదురు, నీటి ఆమ్లక్షారగుణమును పీ.హెచ్. 7.2కును 7.8కును నడుమ నుంచుదురు. కొలను దగ్గఱకు పోగానే ముక్కునకు ఘాటు సోకినచో క్లోరిను ఎక్కువైనదని జనులనుకొందురు. నిజము వేఱు. ఆ ఘాటు, చెమటతోను మూత్రముతోను క్లోరిను కలిసి పుట్టిన క్లోరమీనులది. దిగకముందు ఒడలు కడుగుకొనుమని గోడమీద వ్రాసియుండుట అలంకారమునకు కాదని విద్యార్థులు గ్రహింతురుగాక!

ఈ వ్యయములన్నియు రాత్రింబగళ్లు సాగుచుండగా ఆదాయము మాత్రము కొన్ని గంటలలోనే రావలెను. పిల్లలు బడి విడిచిన పిదప సాయంకాలము మూడు నాలుగు గంటలును, శనివారపు ఉదయమును తక్క కొలను బోసిగా నుండును. తల్లులు చంటిబిడ్డలతో దిగు తరగతులు, వృద్ధుల తరగతులు ఉదయకాలమున పెట్టుట ఆ బోసిని పూరించుటకే. పూర్వము ఎనిమిది పది వారములకొక విడతగా రుసుము వసూలు చేయుచుండిరి. విడత ముగియగానే సగముమంది మరలి రాకపోవుచుండిరి. చలికాలము వచ్చినచో మఱింత తఱుగు. ఇప్పుడు అమెరికాలో పెక్కు బళ్లు "మానెదము" అని తల్లిదండ్రులు చెప్పువఱకును నెలనెలకు రుసుము పుచ్చుకొను పద్ధతిని అవలంబించినవి. దీనివలన గురువునకు స్థిరమైన జీతమును, శిష్యునకు ఎప్పటికిని అదే గురువును లభించు మేలు కలదు. మఱచిపోయిన తల్లిదండ్రుల ధనము ఊరక పోవు కీడును కలదు.

తరగతుల విషయము కూడ నిట్టిదే. నీటిలో బుడగలు విడుచుట ఒక తరగతి, వెల్లకిల తేలుట ఒకటి, మునిగి వస్తువును తెచ్చుట మఱియొకటి. ప్రతిదానికిని రంగురంగుల పట్టీయో పతకమో ఇత్తురు. పిల్లలకు ఉత్సాహము కలుగుట నిజమే. నిచ్చెనకు మెట్లుండవలసినదే, అయితే కొన్నిచోట్ల మేడ యెత్తు పెరుగకున్నను మెట్లమధ్య మెట్లు చేర్చుచుందురేమోయని నాకు శంక. తొందరగా నేర్చిన శిష్యుడు తొందరగా వెడలిపోవును. మంచి గురువునకు అది కీర్తి. లెక్కల పుస్తకమునకు అది నష్టము. వైద్యునికిని ఇదే యిబ్బంది కలదని వేళాకోళముగా అందురు.

ప్రభుత్వమే కొనుగోలుదారుగా ఉన్నచో ఈ చిక్కు తీరునా? ఇంగ్లండులో ప్రాథమిక విద్య ముగియునప్పటికి ప్రతి శిష్యుడును 25 మీటర్లైనను ఈదవలెననియు, ఆపదలో తన్ను తాను కాపాడుకొనుట నేర్వవలెననియు జాతీయ పాఠ్యక్రమమున విధించినారు. కాని బడులలో పెక్కింటికి సొంత కొలనులు లేవు. 2020లో మహమ్మారివలన కొలనులు మూతబడెను. తిరిగి తెఱచిన పిదప ఇంధనపు వెలలు మిన్నంటెను. 2023 మార్చిలో ఆ ప్రభుత్వము కొలనులుగల క్రీడాకేంద్రముల సహాయమునకై 6 కోట్ల 30 లక్షల పౌండ్లు కేటాయించినది. పాఠ్యక్రమమున నొక వాక్యము వ్రాయుట తేలిక; ఆ వాక్యమును వెచ్చగా నుంచుటయే కష్టము.

ఇంతవఱకు చెప్పినదంతయు రుసుము చెల్లింపగలవారి కథ. ప్రపంచ ఆరోగ్యసంస్థ లెక్క ప్రకారము 2021లో భూమిపై సుమారు 3 లక్షలమంది నీటమునిగి చనిపోయిరి. వారిలో నూటికి తొంబదిమందికి పైగా అల్పాదాయ, మధ్యాదాయ దేశములవారు. కొలను గలచోట చావులు తక్కువ. చావులు గలచోట కొలనులు తక్కువ. ఇంటింటి వెనుక చెఱువున్న బంగ్లాదేశమున 2006లో స్విమ్‌సేఫ్ అను పేర నొక ప్రయత్నము మొదలైనది. వారు కొలను కట్టలేదు, నీరు వేడిచేయలేదు. ఊరి చెఱువులోనే వెదుళ్లతో నొక వేదికను అమర్చి, చుట్టును కంచె నిలిపి, ఊరివారిలోనే యువతీయువకులకు శిక్షణమిచ్చి, నాలుగేండ్లు దాటిన పిల్లలకు నేర్పించిరి. 25 మీటర్లు ఈదుట, 30 సెకండ్లు తేలియుండుట, మునుగువానిని గట్టుననుండియే కఱ్ఱయో తాడో అందించి రక్షించుట. ఇంతే పాఠ్యక్రమము. రంగుల పట్టీలు లేవు. 2012లో ప్రకటితమైన పరిశోధనలో, ఇట్లు నేర్చిన పిల్లలలో నీటమునిగి చనిపోవుట నేర్వనివారికన్న నూటికి తొంబదికి పైగా తక్కువయని తేలినది. అంతకు చిన్నపిల్లలకు ఈత కాదు, కాపలా కావలెనని గ్రహించి, వారికై ఊళ్లలో శిశుసంరక్షణకేంద్రములను వేఱుగా నడపిరి. నీరును భవనమును ఊరిలోనే దొరకగా, వారు వెచ్చించిన సొమ్ము గురువు నిమిషములకు పోయినది.

ఇక మన దేశపు శిబిరముల సంగతి. ఇచ్చట నీటిని వేడిచేయ నక్కఱలేదు. సూర్యభగవానుడు ఆ పని ఉచితముగా చేయుచున్నాడు, అవసరమునకు మించియు చేయుచున్నాడు. ముందు చెప్పిన కొలతలుగల కొలనునుండి మండువేసవిలో దినమునకు 6 మిల్లీమీటర్ల నీరు ఆవిరియైనను 1,500 లీటర్లు తఱుగును. అంతకన్న పెద్ద యిబ్బంది కాలము. పరీక్షలు ముగిసిన ఏప్రిలునుండి బళ్లు తెఱచు జూను వఱకే శిష్యులు. సంవత్సరపు ఖర్చును ఆ రెండు నెలలలో రాబట్టవలెనన్న శిష్యులను గుంపులుగా చేర్చుకొనక తప్పదు. ఒక గురువు, నలుబదిమంది పిల్లలు, ఒక గంట అనుకొందము. లెక్క మీరే కట్టుడు: తలకొక నిమిషమున్నర. ఇరువది దినములకు అరగంట. నెలంతయు కొలనుకు పోయివచ్చిన పిల్లవాడు గురువు చేతిక్రింద నుండినది మొత్తము అరగంట!

అయినను పిల్లలు ఒకరిని చూచి యొకరు కొంత నేర్తురు. కొలనును అడ్డముగా దాటగలుగుదురు. ఇంటికి ధ్రువపత్రము వచ్చును. భయము ఇక్కడనే. కొలనులో అడుగు కనబడును, గట్టు చేతికందును, ప్రవాహము లేదు. గోదావరి కాలువలో ఈ మూడును తలక్రిందులు. రాళ్లు తవ్విన క్వారీ గుంతలలో వాననీరు నిలిచినచోట గట్టు నిట్టనిలువుగా నుండి, ఒక్క అడుగు తేడాలో నిలువు లోతు వచ్చును. ఈత బొత్తిగా రానివాడు అక్కడ గట్టుననే నిలిచిపోవును. వచ్చునని పత్రముగలవాడు దుముకును.

ఈ భయమును ముందుగనే యెఱిగి పరీక్షలు పెట్టిన దేశమొకటి కలదు. నెదర్లాండ్స్ మన గోదావరి మండలమువలె కాలువల దేశము. ఇంటి ముంగిటనే నీరు పాఱు ఊళ్లు అక్కడ అనేకములు. అక్కడి పిల్లలు అయిదాఱేండ్ల ప్రాయముననే ఈతబడిలో చేరి, ఏ, బీ, సీ యను మూడు పత్రములకు వరుసగా పరీక్ష లిత్తురు. మొదటి పత్రమునకే బాలుడు స్నానపు దుస్తులతో గాక అంగీలాగులతోను పాదరక్షలతోను నీట దిగి ఈదవలెను. నీటిలో వ్రేలాడదీసిన తెఱలోని రంధ్రముగుండ మునిగి ఆవలికి రావలెను. కాలువలో పడువాడు పడకముందు దుస్తులు మార్చుకొనడు గదా! ఆ పరీక్షనాడు తల్లిదండ్రులు కొలను చుట్టును నిలిచి చూతురు. తడిసి బరువెక్కిన అంగీతో తమ బిడ్డ అవతలి గట్టునకు చేరునో చేరడో వారు కన్నులార చూచిన పిదపనే పత్రము చేతికి వచ్చును.